పశ్చిమ ఆఫ్రికా వస్త్రాల్లో స్త్రీల చేతిపని ఎంత?

వస్త్రశాల

గత వారం హైదరాబాదులో జరిగిన ఒక చేనేత ప్రదర్శనకు మా విద్యార్థులను తీసుకువెళ్లాను. ఆఫ్రికా గదిలో ఘానా దేశపు కెంటె వస్త్రం ఒకటి వేలాడదీసి, పశ్చిమ ఆఫ్రికాలో నేత పురుషుల వృత్తి అనీ, స్త్రీలు ఆ వస్త్రాలను ధరిస్తారనీ పక్కన పలక మీద రాసి పెట్టారు. పిల్లలు దాన్నే యథాతథంగా రాసుకున్నారు. నాకు తెలిసినంతలో అది సగం నిజమే. నూలు వడికినవారు, రంగు వేసినవారు, గోడకు ఆనించిన మగ్గం మీద నేసినవారు ఆ పలక లెక్కలోకి రాలేదు. మగ్గం ముందు కూర్చున్న మనిషి ఒక్కడే బట్టను పుట్టిస్తాడనుకోవడం మన చేనేత గురించిన రాతల్లోనూ ఉన్న జబ్బే కనుక దీన్ని తేలికగా వదిలిపెట్టలేకపోతున్నాను. ఆ దేశాల్లో ఉన్నవారూ, అద్దకం తెలిసినవారూ ఈ వేదికలో ఉన్నారు. ఏ ప్రాంతంలో ఏ పని స్త్రీల చేతుల్లో ఉందో వివరంగా రాయండి. పొగడ్తలు అక్కరలేదు, పని గురించి చెప్పండి.

నేతబిడ్డ

కెంటె వరకు ఆ పలకను తప్పు పట్టలేము. కుమాసీ దగ్గరి బొన్వీరేలో అశాంటీ మగవారే తరతరాలుగా నేస్తున్నారు. అది సన్నని పట్టీల మగ్గం. నాలుగు అంగుళాల వెడల్పున పొడవాటి పట్టీ నేసి, దాన్ని ముక్కలు చేసి, అంచుకు అంచు కలిపి కుడితే ఒంటినిండా చుట్టుకునే వస్త్రం అవుతుంది. బహిష్టులో ఉన్న స్త్రీ ఆ మగ్గాన్ని తాకకూడదన్న కట్టుబాటు కూడా ఉండేది. ఈమధ్య కొందరు స్త్రీలు నేర్చుకుంటున్నారు గాని, సంప్రదాయం అన్నప్పుడు మగవారి పేరే చెప్పాలి.

లాగోస్ తెలుగు

నేతబిడ్డ గారు చెప్పింది పట్టీల మగ్గానికి సరిపోతుంది. నైజీరియాలో ఇంకో మగ్గం ఉంది, అది స్త్రీలది. నిలువుగా గోడకు ఆనించి ఉంటుంది. పైన ఒక దూలం, కింద ఒక దూలం, వాటి చుట్టూ తెగకుండా తిరిగే పడుగు (నిలువు పోగులు), అంతే దాని నిర్మాణం. యొరుబా, ఇగ్బో, ఎబిరా, నూపే జాతుల స్త్రీలు దీని మీదనే నేశారు. ఒకెనె పట్టణంలో ఎబిరా స్త్రీలు చేత్తో వడికిన నూలుతో అంత్యక్రియల వస్త్రాలు నేసేవారు. అక్కడ మగవారు మగ్గం జోలికి పోయేవారు కారు.

నేను దగ్గరగా చూసింది మాత్రం అబియా రాష్ట్రంలోని అక్వేటే ఊరి నేతను. నేసే ఆవిడ మగ్గం ఎదురుగా కూర్చుని, పడుగు పోగులను వేళ్లతో లెక్కపెట్టి ఎత్తి, ఆ సందులో రంగు పేకను (అడ్డపోగును) చేత్తోనే దూర్చి, కత్తిలాంటి చెక్క బద్దతో కిందికి గట్టిగా కొడుతుంది. ఆకారం కోసం వేసే ఈ అదనపు పేక వస్త్రం ముందు వైపునే తేలి ఉంటుంది. ఎదురుగా గీసిన బొమ్మ ఏదీ ఉండదు, లెక్క అంతా ఆవిడ తలలోనే ఉంటుంది. వస్త్రం వెడల్పు 40 అంగుళాలకు పైమాటే కనుక రెండు చేతులూ బారచాచి పనిచేయవలసి వస్తుంది. మధ్యలో నేను ఏదో అడిగితే, ఆ వరస పూర్తయ్యేదాకా మాట్లాడవద్దని చేయి అడ్డుపెట్టింది.

అక్వేటే నేతకు ఈ రూపం ఇచ్చినది 19వ శతాబ్దానికి చెందిన దాదా న్వాక్వాటా అనే నేతకత్తె అని ఆ ఊరివారు చెబుతారు. ఆమె తన ఆకృతులను ఎవరి కంటా పడనిచ్చేది కాదట. చెవుడూ మూగా అయిన ఒక స్నేహితురాలిని మాత్రమే పక్కన కూర్చోనిచ్చేదట. దాదా పోయిన తరువాత ఆ స్నేహితురాలే తాను చూసి నేర్చుకున్నదంతా నేసి చూపించిందనీ, ఊరి స్త్రీలందరూ ఆమె దగ్గరే నేర్చుకున్నారనీ చెప్పుకుంటారు.

పోచంపల్లి పాప

ఇది చరిత్రేనా, ఊరివాళ్లు అల్లుకున్న కథా?

లాగోస్ తెలుగు

నోటిమాటగా వచ్చిన చరిత్ర, పాప గారూ. కథలో ఎంత కలిసినా, ఊరి నేతకు మూలపురుషుడిగా కాక ఒక స్త్రీని, అందులోనూ పేరుతో సహా చెప్పుకునే ఊళ్లు ఎన్ని ఉంటాయో మీరే ఆలోచించండి. అక్వేటే స్త్రీలు నైజర్ డెల్టాలోని ఇజో కులీన కుటుంబాలకు కూడా నేసి అమ్మేవారు. తాబేలు ఆకృతి ఉన్న వస్త్రం రాచకుటుంబాల వారికే చెల్లేది. కొనేవారి హోదా ఏమిటో, వారికి ఏ ఆకృతి తగునో నేసేవారికి తెలిసి ఉండాలి. ఆ వ్యాపార జ్ఞానం కూడా వాళ్ల వృత్తిలో భాగమే.

కాళహస్తి కలం

మా ఇంట్లో మూడు తరాలుగా కలంకారీ పని ఉంది. మాలి దేశపు బొగొలన్ బట్టను మొదటిసారి చూసినప్పుడు నన్ను ఆకట్టుకున్నది బొమ్మ కాదు, నలుపు. మా దగ్గర బట్టను కరక్కాయ రసంలో తడిపి, ఆ వగరు పట్టిన గుడ్డ మీద కసిమితో గీస్తాం. కసిమి అంటే తుప్పు పట్టిన ఇనుప ముక్కలను బెల్లం నీళ్లలో రోజుల తరబడి ఊరబెట్టిన ద్రవం. వగరూ ఇనుమూ కలిసినచోట నలుపు పుడుతుంది. మాలిలోని బమానా జాతి స్త్రీలు చేసేది రసాయనికంగా ఇదే. వాళ్లు ఎన్‌గలామా అనే చెట్టు ఆకుల కషాయంలో బట్టను ముంచి పసుపు రంగు పట్టిస్తారు, చెరువుల అడుగు నుంచి తెచ్చి కుండలో నెలల తరబడి పులియబెట్టిన బురదతో దాని మీద గీస్తారు. ఆ బురదలో ఉన్నది ఇనుమే. ఎండిన తరువాత బురదను కడిగేస్తే నలుపు మిగులుతుంది. మళ్లీ కషాయంలో ముంచి, మళ్లీ బురద పూస్తారు.

అయితే ఒక తేడా ఉంది, దాన్ని నేను ఎంత చెప్పినా తక్కువే. మేము బొమ్మ గీస్తాం. వాళ్లు బొమ్మ చుట్టూ గీస్తారు. నలుపంతా నేపథ్యం, ఆకృతి అంటే బురద తగలకుండా వదిలిన చోటు. చివరికి ఆ వదిలిన పసుపు గీతల మీద ఒక్కొక్కదాని మీదుగా క్షార ద్రవం పూసి తెలుపు చేస్తారు. గీయని చోటును ముందే మనసులో ఉంచుకుని దాని చుట్టూ చెయ్యి తిప్పడం ఎంత కష్టమో కలం పట్టినవాడిగా చెబుతున్నాను.

బమాకో బాటసారి

కాళహస్తి కలం గారి వివరణ సరిగ్గా ఉంది. దానికి కొంత కలుపుతాను. మాలి రాజధాని బమాకోకు ఉత్తరాన ఉన్న బెలెదుగు ప్రాంతం ఈ పనికి పేరు పొందింది. అక్కడ పట్టీలు నేసేది మగవారు, నూలు వడికేదీ బురద పూసేదీ స్త్రీలు. తల్లి దగ్గర కూతురు, అత్త దగ్గర కోడలు నేర్చుకునేవారు. నకుంటె జారా అనే కళాకారిణి పేరు దేశం దాటి వెళ్లింది. ఆడపిల్లకు సంస్కారం జరిగినప్పుడు, పెళ్లిలో, ప్రసవం తరువాత ఈ వస్త్రాన్ని కట్టేవారు. ఒంటికి గాయమై రక్తం పోయే సమయాల్లో అది కాపాడుతుందని నమ్మకం. వేటగాళ్లు తొడుక్కున్నదీ అందుకే.

1970ల చివరి నుంచి పట్నంలో యువకులు బొగొలన్‌ను చిత్రకళగా పట్టుకున్నారు, క్రిస్ సెదు అనే వస్త్ర రూపశిల్పి దాన్ని పారిస్ దాకా తీసుకువెళ్లాడు. అది మంచిదే. అయితే పల్లెలో స్త్రీలు ఈ పని చేసినంత కాలం అది ఇంటిపని అనిపించుకుంది, పట్నంలో మగవారు చేశాక కళ అనిపించుకుంది. ఇది నాకు మింగుడు పడదు.

నేతబిడ్డ

అద్దకం గొప్పదని నేనూ ఒప్పుకుంటాను. కాని చర్చ నేత గురించి కదా. రంగు వేయడం నేత ఎలా అవుతుంది?

సత్యభామ

మా పుట్టింట్లో నాన్న మగ్గం మీద ఉంటే, అమ్మ కండెలు చుట్టేది, పడుగుకు గంజి పట్టేటప్పుడు తెల్లవారుజామున లేచి వీధిలో నిలబడేది. సంఘంలో సభ్యత్వం నాన్న పేరు మీద, కూలి నాన్న చేతికి. జనాభా లెక్కల వారు వస్తే అమ్మ ఏ పనీ చేయదని రాసుకుని వెళ్లారు. పశ్చిమ ఆఫ్రికాలో పట్టీల మగ్గానికి కావలసిన నూలును స్త్రీలు కదురు తిప్పి వడికారని పై సందేశాల్లో చదివాక, నాకు ఆ పలక రాసినవారి మీద కోపం రాలేదు, అలసట వచ్చింది. ఒక మగ్గం ఆగకుండా నడవాలంటే ఎందరు ఆడవాళ్లు ఎన్నాళ్లు వడకాలో లెక్క వేయండి, నేతబిడ్డ గారూ.

నేతబిడ్డ

మీ మాట కాదనను, సత్యభామ గారూ. మా ఇంట్లోనూ అదే జరిగింది. వస్త్రం తయారీ అని రాయవలసిన చోట నేత అని రాయడంతోనే చిక్కు వచ్చింది.

బమాకో బాటసారి

సెనెగల్, గాంబియా, మాలి ప్రాంతాల్లో చాలాచోట్ల స్త్రీ తన నూలును నేతగాడికి ఇచ్చి, కూలి కట్టి, నేసిన బట్టను తనే తీసుకునేది. ఆ బట్ట ఆమె ఆస్తి. సొనింకే స్త్రీలు దానికి నీలిరంగు అద్ది అమ్ముకునేవారు. అంటే మగ్గం మీద ఉన్నది కూలి మనిషి, బట్ట యజమానురాలు ఇంకొకరు. ఈ సంగతి ఏ ప్రదర్శనలోనూ నాకు కనబడలేదు.

నీలిమందు

నీలిరంగు మాట వచ్చింది కనుక నైజీరియాలోని యొరుబా పట్టణం అబెయొకుటా గురించి రాయకుండా ఉండలేను. ఉత్తర నైజీరియాలోని కానోలో నేలలో తవ్విన గుంతల్లో హౌసా మగవారు నీలిరంగు వేస్తారు. యొరుబా సీమలో మట్టి కుండల్లో స్త్రీలు వేస్తారు. వాళ్లు వాడే ఆకు మన నీలిమొక్కది కాదు, ఎలు అనే పెద్ద తీగది. లేత ఆకులను రోట్లో దంచి, ఉండలు కట్టి ఎండబెడతారు. అడుగున చిల్లులున్న కుండలో బూడిద నింపి, నీళ్లు పోసి, కింది కుండలోకి దిగిన క్షార జలంలో ఆ ఉండలను నానబెడతారు. రోజుల తరబడి పులిశాక కుండ తయారైందో లేదో వాసన చూసి, వేలు ముంచి నాలుకకు రాసుకుని చెబుతారు. బట్ట కుండలోంచి తీసినప్పుడు ఆకుపచ్చగా ఉండి, గాలి తగిలిన కొద్దీ కళ్లముందే నీలంగా మారుతుంది. ఈ పనులకు అధిదేవత ఇయా మాపో. ఆమెను తలచుకోకుండా కుండ మొదలుపెట్టేవారు కారు.

20వ శతాబ్దం మొదట్లో ఇంగ్లండు మిల్లుల తెల్లగుడ్డ చవకగా దొరకడంతో ఆదిరె వ్యాపారం ఊపందుకుంది. ఆదిరె అంటే ఆకృతి ఉన్నచోట రంగు ఎక్కకుండా చేసి నీలిరంగులో ముంచిన గుడ్డ. గుడ్డను రాఫియా నారతో కట్టి ముంచేది ఒక పద్ధతి. కర్రపెండలం పిండి జావను కోడి ఈకతో గుడ్డ మీద గీసి, ఆరాక ముంచేది మరొక పద్ధతి. జావ ఉన్నచోట రంగు ఎక్కదు. ఇబాదాన్ ఊరి పేరుతో ప్రసిద్ధమైన ఒక ఆకృతిలో అక్కడి మాపో సభాభవనం స్తంభాలు ఉంటాయి. 1935లో ఐదవ జార్జి రాజు రజతోత్సవం జరిగినప్పుడు రాజు, రాణి బొమ్మలతో కూడా ఆదిరె వచ్చింది.

పోచంపల్లి పాప

మేము నూలు మీద చిటికీ (రంగు ఎక్కకుండా వేసే కట్టు) కట్టి, రంగు వేశాక నేస్తాం. వాళ్లు నేసిన గుడ్డనే కడుతున్నారు. మా వాళ్లకు ఈ దారి ముందే తెలిసి ఉంటే మా నాన్నమ్మ నడుం నొప్పి సగం తగ్గేదేమో!

నీలిమందు

తగ్గి ఉండేది కాదు, పాప గారూ. సన్న గింజలను లోపల పెట్టి, గుడ్డంతా వందల ముడులు వేస్తారు. వాటిని విప్పేటప్పుడు గుడ్డ చిరగకూడదు.

ఇందాక ఆపినచోట నుంచి చెబుతాను. 1930ల మాంద్యంలో అమ్మకాలు పడిపోయాయి. బయటి వ్యాపారులు రంగు నిలవడం లేదని, గుడ్డ పుచ్చుతోందని ఫిర్యాదులు చేశారు. కృత్రిమ రంగు, కాస్టిక్ సోడా వాడటం వల్లే ఇదంతా అని అబెయొకుటా రాజు (ఆ పదవి పేరు ఆలకే) రెండవ అదెమోలా వాటిని నిషేధించాడు. అద్దకం స్త్రీలు తలవంచలేదు. ఒక న్యాయవాదిని పెట్టుకుని ఎదురు నిలిచారు, చివరికి 1936లో విచారణ సంఘం ఏర్పాటు చేయవలసి వచ్చింది. పదేళ్ల తరువాత అదే ఊరి స్త్రీలు ఫున్మిలాయొ రాన్సమ్ కుటి నాయకత్వంలో పన్నులకు వ్యతిరేకంగా లేచి, 1949లో ఆ రాజు గద్దె దిగేదాకా వదలలేదు. రంగు కుండ చుట్టూ అలవడిన ఐకమత్యం వాళ్లకు అక్కరకు వచ్చిందని నా అభిప్రాయం.

సత్యభామ

మైనం అచ్చు గుడ్డలు అమ్మిన టోగో స్త్రీలను నానా బెంజ్‌లు అనేవారట. వాళ్లను కూడా ఈ లెక్కలో చేర్చవచ్చా?

లాగోస్ తెలుగు

వాళ్లు అమ్మకందార్లు, తయారీదార్లు కారు. ఆ గుడ్డ అచ్చైంది చాలావరకు నెదర్లాండ్స్ మిల్లులో. లోమే మార్కెట్‌లో ఏ ఆకృతి ఆడుతుందో చెప్పి, దానికి పేరు పెట్టి, బెంజి కార్లు కొనేంత సంపాదించారు. గొప్ప వ్యాపారులే గాని ఈ చర్చలో వారిని కలిపితే కుండ ముందు కూర్చున్నవారు మళ్లీ మరుగున పడతారు.

చీరాల మగ్గం

ఇంతవరకు ఎవరూ ఎత్తని సంగతి ఒకటి ఉంది, అది మా ఊరికీ వాళ్లకూ నేరుగా ముడిపడినది. మా తాతగారి కాలంలో చీరాల చుట్టుపక్కల రుమాలు నేత అంటే ఆఫ్రికాకు పోయే గళ్ల గుడ్డ. వర్తకులు దాన్ని రియల్ మద్రాస్ హ్యాండ్‌కర్చీఫ్ అనేవారు. పేరుకు చేతిరుమాలే గాని, 36 అంగుళాల చదరాలు వరసగా కలిసిన 8 గజాల తాను. అది మద్రాసు మీదుగా నైజీరియాకు పోయేది. మా తాతగారికి కొన్నది ఎవరో, ఏం చేసుకుంటారో తెలియదు.

నైజర్ డెల్టాలోని కలబరి వారు ఆ గుడ్డను ఇంజిరి అంటారు. కలబరి స్త్రీలు దాన్ని అలాగే కట్టుకోవడంతో సరిపెట్టుకోలేదు. సూదితో ఒక్కొక్క లేత రంగు పోగును పైకి లేపి, బ్లేడుతో రెండు చోట్ల కోసి, మధ్యముక్కను మెల్లగా లాగేస్తారు. ముదురు రంగు పోగులు అలాగే నిలుస్తాయి. తీసేసిన చోట గుడ్డ పల్చబడి, గళ్ల లోపల కొత్త ఆకృతి తేలుతుంది. దూరం నుంచి చూస్తే అల్లిక బట్టలా ఉంటుంది. ఈ వస్త్రం పేరు పెలెటె బిటె. ఇదంతా చదివిన రోజు మా నాన్నకు ఫొటో చూపించాను. ఆయన అద్దాలు పెట్టుకుని పోగులు లెక్కపెట్టి, పడుగులో రెండు విడిచి ఒకటి తీశారని గుర్తుపట్టారు.

నేతబిడ్డ

నిజం చెబుతున్నాను, నాకు ఇది బాధగా ఉంది. తెగిన పోగును అతికి అతికి నేసిన గుడ్డను ఎవరో బ్లేడుతో కోస్తున్నారంటే మనసు ఒప్పుకోదు.

చీరాల మగ్గం

మా అమ్మ కూడా మొదట అదే అంది. నాన్న మాత్రం ఒప్పుకోలేదు. పోగు ఎక్కడ కోస్తే గుడ్డ నిలుస్తుందో, ఎక్కడ కోస్తే జారిపోతుందో తెలియనిదే ఆ పని చేయలేరనీ, నేత తెలిసినవాళ్లకే అది సాధ్యమనీ అన్నారు. కలబరి వారికి కోయని గుడ్డకంటే కోసిన గుడ్డ ఎక్కువ విలువైనది. అంగట్లో కొన్న గుడ్డ ఎవరికైనా ఉంటుంది, ఇంటి ఆడవాళ్లు రోజుల తరబడి కూర్చుని కోసినది ఆ కుటుంబానికే ఉంటుంది. వాటిని పెట్టెల్లో తరతరాలు దాచుకుంటారు. పెద్దవారు పోయినప్పుడు ఇంట్లో మంచాలను ఆ వస్త్రాలతో అలంకరించి, వంశానికి ఎంత ఉందో ఊరికి చూపిస్తారు.

బమాకో బాటసారి

ఈ గళ్ల గుడ్డల వెనక చెప్పుకోవలసిన చేదు నిజం కూడా ఉంది. కోరమండల్ తీరపు నూలు గుడ్డలను ఐరోపా వర్తకులు పశ్చిమ ఆఫ్రికా తీరంలో మనుషులను బానిసలుగా కొనడానికి మారకంగా ఇచ్చారు. మన నేతగాళ్లకు ఆ సంగతి తెలియకపోవచ్చు. అయినా ఆ గుడ్డ చరిత్ర రాసినప్పుడు దీన్ని వదిలేయకూడదు.

చీరాల మగ్గం

వదిలేయకూడదు. మా ఊరి పిల్లలకు కూడా చెప్పాలి.

కాళహస్తి కలం

ఒక ప్రశ్న. ఇప్పుడు ఆ స్త్రీల చేతులు, ఊపిరితిత్తులు ఎలా ఉన్నాయి? మా దగ్గర కరక్కాయకు ఎవరికీ ఏమీ కాలేదు, రసాయనాలు వచ్చాకే చర్మం పగలడం మొదలైంది.

బమాకో బాటసారి

బమాకోలో ఇప్పుడు డబ్బు వచ్చే పని బజాన్ అద్దకం. ఐరోపా నుంచి వచ్చే మెరుపు గుడ్డకు స్త్రీలు రసాయనిక రంగులు వేస్తారు, యువకులు దాన్ని చెక్క గూటాలతో కొట్టి నిగనిగలాడిస్తారు. కాస్టిక్ సోడా, హైడ్రోసల్ఫైట్ కలిపిన వేడి నీళ్ల ఆవిరి నేరుగా మొహానికి కొడుతుంది. చేతి తొడుగులు ఉన్నా, ముడులు వేళ్లకు తెలియవని చాలామంది తీసేస్తారు. వాడిన నీళ్లు వీధి కాలువలో నుంచి నైజర్ నదికి చేరతాయి. ఆడవాళ్ల తెలివితక్కువతనమని దీన్ని కొట్టిపారేసేవారిని చూశాను. మురుగునీటి శుద్ధి ఏర్పాటు ఒక్కొక్క అద్దకపు స్త్రీ తన పెరట్లో పెట్టుకోగలిగేది కాదు, అది నగరం చేయవలసిన పని.

నీలిమందు

ఆకు నీలిరంగును మళ్లీ నేర్పేవారు కూడా ఉన్నారు. 1951లో నైజీరియాలోని ఒగిదిలో పుట్టిన నికె డేవీస్ ఒకుందాయె చిన్నతనంలో ఇంటి పెద్దల దగ్గర ఈ పని నేర్చుకుని, 1983లో ఒషోగ్బోలో శిక్షణ కేంద్రం పెట్టారు. అక్కడ ఉచితంగా నేర్పుతారు. మగపిల్లలు కూడా ఆమె దగ్గర నేర్చుకున్నారు.

వస్త్రశాల

నేను అడిగినదానికంటే ఎక్కువే రాశారు. మా విద్యార్థులతో కలిసి ప్రదర్శన నిర్వాహకులకు ఉత్తరం రాస్తున్నాం. అందులో పట్టీల మగ్గం, నిలువు మగ్గం అని రెండుగా విడదీసి రాయమనీ, నూలు ఎవరు వడికారో, రంగు ఎవరు వేశారో ప్రతి వస్త్రం పక్కన చెప్పమనీ అడిగాం. లాగోస్ తెలుగు గారూ, తరగతిలో చూపించడానికి ఒక ఆదిరె కొనాలి. యంత్రం మీద అచ్చువేసిన నకళ్లు చాలా వస్తున్నాయని విన్నాను. ఎలా గుర్తుపట్టాలి?

లాగోస్ తెలుగు

అబెయొకుటాలో ఇటోకు మార్కెట్‌కు వెళ్లే వారితో తెప్పించుకోండి. జావతో గీసిన పాత పద్ధతి వస్త్రానికి ఒకవైపే గీత స్పష్టంగా ఉంటుంది, వెనక వైపు ఇంచుమించు నీలంగానే కనిపిస్తుంది. జావ పగిలినచోట సన్నని నీలి గీరలు ఉంటాయి. ఒకే ఆకృతి రెండుసార్లు వచ్చినచోట పక్కపక్కన పెట్టి చూడండి, చేత్తో గీసినవి రెండూ అచ్చం ఒకేలా ఉండవు. నకలులో ప్రతి గీరా తిరిగి తిరిగి అదే చోట వస్తుంది. మైనంతో, రసాయనిక రంగుతో ఇప్పటి స్త్రీలు చేసినది కూడా చేతిపనే కనుక దాన్ని నకలు కింద జమకట్టకండి. ఆకు నీలిరంగుదే కావాలంటే ముందే చెప్పి చేయించుకోవాలి, ధర ఎక్కువ ఉంటుంది.

పోచంపల్లి పాప

ఉతికితే రంగు పోతుందా?

నీలిమందు

మొదటి కొన్ని ఉతుకుల్లో పైపైన అంటిన రంగు దిగుతుంది, అది లోపం కాదు. విడిగా చన్నీళ్లలో జాడించి, నీడలో ఆరేయండి. తెల్లబట్టల మీద మాత్రం పెట్టకండి.